చచ్చినవాడి కళ్లు చారెడు

గుమ్మఘట్టలో పొద్దున్నే ఉగ్గాని, మిరపకాయ బజ్జీ తిందామని హోటల్లో కూర్చుంటే అడగకుండానే ఇంకొకటి వడ్డిస్తారు. గోడమీది టీవీలో చచ్చిపోయినవాళ్ల కథ. 2025 మార్చిలో ఒకనాడు నేను పోయేసరికి తెరమీద సౌందర్య నవ్వుతోంది. ఆ నవ్వు పక్కనే మంటలు. ఎక్కడి మంటలో ఏమో, తెచ్చి అతికించారు. కింద ఎర్ర పట్టీమీద ‘అసలేం జరిగింది?’ అన్న ప్రశ్న పరుగెత్తుతోంది. బెంచీ చివర టీ గ్లాసు ఊదుకుంటున్న అవ్వ తలెత్తి చూసి, “ఈ పాప పోయి శానా ఏండ్లాయ గదప్పా, మల్లా ఎందుకు సంపుతాండారు?” అంది. హోటలాయన బజ్జీలు తిప్పుతూనే, “జనం చూస్తారు గదవ్వా, అందుకే ఏస్తారు” అన్నాడు.

అవ్వ ఇంకేం మాట్లాడలేదు. నాకు మాత్రం ఆ జవాబు గొంతు దిగలేదు. అది హోటలాయన సొంత మాట కాదు. ఛానళ్లు చెప్పే మాట, యూట్యూబ్ దుకాణాలు చెప్పే మాట, సినిమాలు తీసేవాళ్లు చెప్పే మాట. వినీ వినీ చివరికి మనల్ని మనమే తిట్టుకుంటూ చెప్పుకునే మాట అయింది. దానికి తోడు ఇంకో మూడు సమర్థనలు వినిపిస్తాయి. పోయినవాళ్లను మేం జనం గుండెల్లో బతికిస్తున్నాం అన్నది ఒకటి. మరుగున పడిన నిజాన్ని వెలికితీస్తున్నాం అన్నది రెండోది. వెలుగులో బతికినవాళ్ల బతుకు అందరి సొత్తు అన్నది మూడోది. వినడానికి నాలుగూ నిఖార్సుగానే ఉంటాయి. తూకం వేసి చూస్తే నాలుగూ తాలే.

స్మరణ సంగతి ముందు చూద్దాం. స్మరించడం ఎట్లాగో ఛానళ్లు మా ఊళ్లకు నేర్పనక్కర్లేదు. పెద్దల అమావాస్య నాడు పోయినవాళ్ల ఫొటో ముందు వాళ్లకు ఇష్టమైనవి పెడతాం. ఒకరికి ఓళిగలు, ఒకరికి మాంసం కూర, తాతకైతే ఆకూ వక్కా, బీడీకట్ట కూడా. ఆయన ఏ పాటకు తల ఊపేవాడో, ఏ ఎద్దును కొడుకుకంటే ఎక్కువ చూసుకునేవాడో చెప్పుకుంటాం. బావిలో పడి పోయిన మనిషికి పెట్టుకునేటప్పుడు ఎవరూ బావిగట్టు దాకా పోయి, ఇదిగో ఇట్లా జారాడని ఆడి చూపించరు. అట్లా చేసేవాణ్ని ఊరు బుద్ధిలేనివాడంటుంది. పోయినవాళ్లకు ఇష్టమైనది పెట్టడం స్మరణ. వాళ్లు ఎట్లా పోయారో పదేపదే ఆడి చూపి మనం తినడం వేరే పని. ఆ పనికి స్మరణ అన్న పేరు అరువు తెచ్చుకోవడం మీదే నా మొదటి ఫిర్యాదు.

సౌందర్యనే తీసుకోండి. మా రాయదుర్గం తాలూకా 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడేదాకా బళ్లారి జిల్లాలో ఉండేది. ఈనాటికీ మా ఇళ్లలో తెలుగూ కన్నడమూ ఒకే పొయ్యిమీద ఉడుకుతాయి. కోలారు జిల్లాలో పుట్టి తెలుగు తెరకు ఇంటిపిల్ల అయిన సౌందర్య మాకు రెండు వైపుల నుంచీ చుట్టం. అమ్మోరు, పవిత్రబంధం, అంతఃపురం చూసి ఏడ్చినవాళ్లు ఇక్కడ వీధికి పదిమంది దొరుకుతారు. 2004 ఏప్రిల్ 17న ఎన్నికల ప్రచారానికి కరీంనగర్ బయల్దేరిన ఆమె, ఆమె అన్న, మరో ఇద్దరు బెంగళూరు జక్కూరులో చిన్న విమానం కూలి పోయారు. ఈ ఒక్క వాక్యాన్ని ఇరవయ్యేళ్లుగా సాగదీస్తున్నారు.

ఆ ఇరవయ్యేళ్లలో ‘ద్వీప’ గురించి ఎన్నిసార్లు చెప్పారు? గిరీశ్ కాసరవల్లి తీసిన ఆ కన్నడ చిత్రానికి సౌందర్యే నిర్మాత, ఆమే నాయిక. ఆనకట్ట వెనక పెరిగే నీళ్లలో మునిగిపోతున్న దీవిని వదలని ఒక కుటుంబం కథ అది. దేశంలో ఉత్తమ చిత్రంగా స్వర్ణకమలం గెలిచింది. వాణిజ్య చిత్రాల్లో తిరుగులేని డబ్బు వస్తున్నప్పుడు ఒక కథానాయిక తన సంపాదన పెట్టి ముంపు ఊరి కథ తీయించింది. వేదవతి మీద కట్టిన భైరవానితిప్ప ఆనకట్ట మా మండలంలోనే ఉంది. కింద పేరుకు 12 వేల ఎకరాల ఆయకట్టు, చూస్తే ఏళ్ల తరబడి పగుళ్లు తేలిన అడుగు. ఆనకట్ట అంటే ఏమిటో, అది ఎవరికి ఏమిస్తుందో, ఎవరి దగ్గర ఏం తీసుకుంటుందో తెలిసిన మాలాంటివాళ్లకు ఆ సినిమా చూపిస్తే అది స్మరణ. అదిగో, ఆమెను బతికించడం అంటే అది. మంటల బొమ్మ పక్కన నవ్వు అతికిస్తే బతికేది సౌందర్య కాదు, ఆ పూట ఛానల్ పొయ్యి.

రెండో సమర్థన, నిజాన్ని వెలికితీయడం. 2025 మార్చిలో హఠాత్తుగా సౌందర్య మళ్లీ ఎందుకు తెరకెక్కింది? ఖమ్మం జిల్లాలో ఎవరో ఒకాయన అధికారులకు అర్జీ ఇచ్చాడు. ఆమెది ప్రమాదం కాదని, హత్య అని, వెనక ఒక భూమి తగాదా ఉందని, అందులో ఒక సీనియర్ నటుడి చేయి ఉందని అందులో రాశాడు. ఇరవై ఒకటో ఏట పుట్టిన అనుమానం అది. అర్జీ అందుకున్న అధికారి దాన్ని చదివే లోపలే ఛానళ్లు తీర్పు దాకా పోయాయి. చివరికి ఆమె భర్త బయటికొచ్చి, అట్లాంటి భూమి లావాదేవీ ఏదీ లేదని, ఆ వార్తలు అబద్ధమని ప్రకటన ఇవ్వాల్సి వచ్చింది. భార్య పోయిన 21 ఏళ్లకు ఒక మనిషి ఆమె చావు గురించి లోకానికి సంజాయిషీ చెప్పుకోవడం ఏ నిజాన్వేషణలో భాగం? అబద్ధానికి మూడు రోజులు, ఖండనకు మూడు నిమిషాలు. నిజం మీద అంత మక్కువ ఉంటే ఈ లెక్క తలకిందులుగా ఉండాలి గదా.

2018 ఫిబ్రవరి 24న దుబాయ్ హోటల్లో శ్రీదేవి పోయినప్పుడు జరిగింది ఇంకా ఎవరూ మరిచిపోలేదు. తల్లిది తిరుపతి, నటన మొదలుపెట్టింది పసితనంలో, తెలుగువాళ్లకు పదహారేళ్ల వయసు నాటి నుంచి జగదేకవీరుడి ఇంద్రజ దాకా కళ్లముందే పెరిగిన మనిషి. దుబాయ్ అధికారులు ప్రమాదవశాత్తు నీట మునిగి పోయిందని తేల్చి 27న కేసు మూసేశారు. ఆ మూడు రోజుల్లో మన ఛానళ్లు స్నానాల తొట్టెలు కొలిచాయి. తొట్టె పక్కన యాంకర్‌ను నిలబెట్టిన బొమ్మలు తయారుచేశాయి. ఒక తెలుగు విలేఖరి స్వయంగా తొట్టెలో పడుకుని, మునగడం ఎట్లాగో చూపించాడు. యాభై ఏళ్ల నటనకు ఒక తొట్టెను గుర్తుగా నిలబెట్టారు. కావాలంటే ఇప్పుడే శ్రీదేవి పేరు వెతికి చూడండి, క్షణక్షణం ముందొస్తుందో తొట్టె ముందొస్తుందో.

ఆ ఊహాగానాలతో ఎవరికి నష్టం, నాలుగు రోజులు మాట్లాడుకుని మరిచిపోతారు అనేవాళ్లుంటారు. రాయలసీమలో కూర్చుని ఆ మాట అనలేం. 2009 సెప్టెంబర్ 2న నల్లమలలో హెలికాప్టర్ కూలి ముఖ్యమంత్రి వై.ఎస్. రాజశేఖరరెడ్డి, మరో నలుగురు పోయారు. మా ఊళ్లలో ఆ వారం పొయ్యి వెలిగించని ఇళ్లున్నాయి. నాలుగు నెలలు గడిచాక, 2010 జనవరి 7 రాత్రి, ఒక విదేశీ వెబ్‌సైట్‌లో వచ్చిన ఊహాకథను పట్టుకుని, ఆ ప్రమాదం వెనక ఒక పెద్ద వ్యాపార సంస్థ ఉందని తెలుగు ఛానళ్లు మోగించాయి. గంటల్లో రాష్ట్రమంతటా ఆ సంస్థ దుకాణాల మీద, పెట్రోలు బంకుల మీద దాడులు జరిగాయి. అద్దాలు పగిలాయి, నిప్పు పెట్టారు. జర్నలిస్టుల అరెస్టుల దాకా పోయింది. ఆ కథకు ఆధారం మాత్రం ఈనాటికీ ఎవరూ చూపలేదు. ఆరని దుఃఖం మీద కిరసనాయిలు పోసి, వెలుగు కోసం పోశామంటే ఎట్లా నమ్మేది?

ప్రశ్న అడగడం తప్పా అంటారు. తప్పు కాదు. ప్రశ్న అడిగినవాడు జవాబు కోసం ఆగుతాడు, పత్రాలు వెతుకుతాడు, తెలిసినవాళ్లను కలుస్తాడు, జవాబు దొరికాక ప్రశ్నను వదిలేస్తాడు. ‘అసలేం జరిగింది?’ అన్న ఎర్ర పట్టీకి జవాబుతో పనిలేదు. జవాబు వస్తే దాని పని అయిపోతుంది. హిందీ నటుడు సుశాంత్ సింగ్ రాజ్‌పుత్ 2020 జూన్ 14న పోయాడు. నెలల తరబడి ఛానళ్లే పోలీసులు, ఛానళ్లే జడ్జీలు. అతడు రాయని ట్వీట్లను అతడివిగా చూపించినందుకు ఒక జాతీయ హిందీ ఛానల్‌కు వార్తాప్రసారాల ప్రమాణాల సంస్థ లక్ష రూపాయల జరిమానా వేసింది. మీడియా విచారణలు న్యాయానికి అడ్డుపడతాయని 2021 జనవరిలో బొంబాయి హైకోర్టు గట్టిగా చెప్పింది. 2025 మార్చిలో సీబీఐ కేసు ముగింపు నివేదిక ఇచ్చింది. ఆ నివేదికను ఏ ఛానలైనా నెల రోజులు తిప్పిందా? జవాబు వచ్చిన రోజున ప్రశ్నలు అడిగినవాళ్లెవరూ ఇంట్లో లేరు.

మూడో సమర్థన చట్టం కోటు వేసుకుని వస్తుంది. వెలుగులో బతికినవాళ్ల బతుకు అందరిదీ అన్నది అది. నిజమే, చట్టం చాలావరకు వాళ్ల వైపే ఉంది. మనిషి పేరు ప్రతిష్ఠలు, ఏకాంతం మీద హక్కు అతడితోనే పోతుందని 2021లో మద్రాసు హైకోర్టు జయలలిత మీది చిత్రాల కేసులో అంది. సుశాంత్ మీద తీసిన సినిమా ఆపాలని తండ్రి వేసిన కేసులో 2023లో ఢిల్లీ హైకోర్టు కూడా దాదాపు అదే చెప్పింది. అయినవాళ్లను నొప్పించాలన్న ఉద్దేశంతో చచ్చినవాడి మీద నింద వేస్తే పరువునష్టం కావచ్చని మన శిక్షాస్మృతిలో ఒక వివరణ ఉంది, కానీ ఉద్దేశం రుజువు చేయడం ఎండిన బోరులో నీళ్లు తోడడం లాంటిది. అమెరికాలో కాలిఫోర్నియా రాష్ట్రం పోయిన ప్రముఖుల పేరూ రూపమూ వాణిజ్యానికి వాడుకోవడం మీద వారసులకు 70 ఏళ్ల దాకా హక్కు ఇచ్చింది. హాస్యనటుడు రాబిన్ విలియమ్స్ తాను పోయాక 25 ఏళ్లపాటు తన రూపాన్ని వాడుకోరాదని ముందే రాసిపెట్టాడు. అయినా 2025లో ఆయన కూతురు, మా నాన్నతో చేయించిన కృత్రిమ వీడియోలు నాకు పంపకండి మహాప్రభో అని జనాన్ని వేడుకోవాల్సి వచ్చింది. చట్టం ఎంత పొడవున్నా మర్యాద లేనిచోట పొట్టే. చట్టం వద్దనలేదు కాబట్టి చేయవచ్చు అన్నవాడు చావింటి ముందర బాజా కూడా వాయించవచ్చు.

పైగా ‘అందరిదీ’ అన్న మాటలో ఒక మోసం ఉంది. అందరిదీ అంటూనే ఎవరికి కావాల్సిన ముక్క వాళ్లు కోసుకుంటారు. ఎన్టీ రామారావు 1996 జనవరి 18న పోయారు. 2019 ఎన్నికల ముందు, జనవరి నుంచి మార్చి లోపల, ఆయన మీద మూడు సినిమాలు వచ్చాయి. కథానాయకుడు, మహానాయకుడు ఒకరి ఎన్టీఆర్. లక్ష్మీస్ ఎన్టీఆర్ ఇంకొకరి ఎన్టీఆర్. ఒకే మనిషి ఒక తెరమీద దేవుడు, మరో తెరమీద దగాపడ్డ ముసలాయన. చూసిన కుర్రవాడికి మిగిలింది ఎవరు? 2025 మే నెలలో కడప మహానాడులో కృత్రిమ మేధతో ఆయన చేతే ప్రసంగం చేయించారు. పోయి 29 ఏళ్లయిన మనిషి నేటి రాజకీయం మీద మాట్లాడాడు. చప్పట్లు కొట్టినవాళ్ల అభిమానాన్ని నేను శంకించను. కానీ బతికున్నప్పుడు ఎవరి మాటా విననని పేరుబడ్డ మనిషి నోట్లో మాటలు కుక్కడం అభిమానానికి కూడా తగని పనే.

సిల్క్ స్మితది ఇంకా జాలి కథ. ఏలూరు దగ్గరి కొవ్వలి పిల్ల, 1996లో పోయింది. 2011లో డర్టీ పిక్చర్ వచ్చింది. సోదరుడు అభ్యంతరం చెబితే ఇది ఆమె జీవితకథ కాదన్నారు. విడుదలకు మాత్రం డిసెంబర్ 2, ఆమె పుట్టినరోజునే ఎంచుకున్నారు. టికెట్టు అమ్మడానికి ఆమె కావాలి, జవాబు చెప్పడానికి మాత్రం ఆమె కాదు. సావిత్రి మీద ప్రేమతో తీసిన మహానటి కూడా ఈ చిక్కు నుంచి తప్పించుకోలేదు. తన తండ్రిని చూపిన తీరు మీద జెమినీ గణేశన్ కూతురు నొచ్చుకున్నారు. ప్రేమగా చెప్పినప్పుడే ఇంకొకరి ఇంట్లో గాయమయ్యే కథల్ని లాభానికి చెప్పేవాళ్లు ఇంకెంత ఒళ్లు దగ్గర పెట్టుకోవాలి? అట్లా పెట్టుకోకపోగా, పందొమ్మిది నెలలు కోమాలో ఉన్న సావిత్రి ఆసుపత్రి ఫొటోను వర్ధంతికొకసారి బయటికి తీసి తిప్పుతారు. మాయాబజార్‌లో శశిరేఖ ఒంట్లోకి ఘటోత్కచుణ్ని దింపిన ఆ ముఖాన్ని, ఎముకల గూడుగా మాత్రమే గుర్తుపెట్టుకొమ్మని మనకు తాఖీదు.

మా ధర్మవరం దగ్గర నిమ్మలకుంట ఉంది, తోలుబొమ్మలకు పేరుమోసిన ఊరు. చచ్చిన మేక తోలు తీసి, పలచగా చేసి, రంగులద్ది, రాముడిగానో హనుమంతుడిగానో ఆడిస్తారు. ఆ బొమ్మ ‘నేను హనుమంతుణ్ని’ అంటుందే గానీ ‘నేను ఆ మేకను, లేచి వచ్చాను’ అనదు. తెర వెనక ఆడించేవాళ్లున్నారని చూసే పసిపిల్లకు కూడా తెలుసు. కళకూ కపటానికీ మధ్య గీత అక్కడుంది. ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం 2020 సెప్టెంబర్ 25న పోయారు. 2023లో వచ్చిన కీడా కోలా సినిమాలో ఆయన గొంతును కృత్రిమ మేధతో పుట్టించి వాడుకున్నారని, తమను అడగలేదని ఆయన కుమారుడు చరణ్ చిత్రబృందానికి లాయరు నోటీసు పంపారు. 2024లో లాల్ సలాం కోసం ఏఆర్ రహ్మాన్ పోయిన ఇద్దరు గాయకుల గొంతులు అదే పద్ధతిలో వాడారు, కానీ ముందు కుటుంబాలను అడిగి, ఒప్పించి, డబ్బిచ్చి, లోకానికి చెప్పి మరీ వాడారు. యంత్రం రెండుచోట్లా ఒకటే. ఒకచోట తోలుబొమ్మ, ఇంకోచోట లేచి వచ్చిన మేక.

బాలు ఆసుపత్రిలో ఉన్న రోజుల్లో తండ్రి బతికే ఉన్నాడని చరణ్ వీడియోలు పెట్టి చెప్పుకోవాల్సి వచ్చింది. పోయాక, ఆసుపత్రి బిల్లు కట్టలేకపోయారన్న పుకారును కూడా ఆయనే ఖండించుకోవాల్సి వచ్చింది. 2023 మార్చిలోనైతే బతికున్న కోట శ్రీనివాసరావును చంపేశారు. ఆయన వీడియో తీసి, నేను బతికే ఉన్నాను, బందోబస్తుకని పోలీసులు కూడా ఇంటికొచ్చారు అని చెప్పారు. అదీ ఆయన మార్కు హాస్యంతోనే చెప్పారు, మనం నవ్వుకున్నాం. చావు లాభసాటి సరుకైన బజారులో చావు వచ్చేదాకా ఆగే ఓపిక ఎవరికుంటుంది?

అన్నిటికంటే ప్రాణాంతకమైన తిప్పుడు ఇంకొకటుంది. ఉదయ్ కిరణ్. 2000లో చిత్రం, ఆ మరుసటి ఏడు నువ్వు నేను, మనసంతా నువ్వే. మా రాయదుర్గం థియేటర్ల ముందు అతడిలా జుట్టు దువ్వుకున్న కుర్రాళ్లను నేనెరుగుదును. 2014 జనవరి 5న తనంతట తాను వెళ్లిపోయాడు. అప్పటి నుంచి ఏటా జనవరిలో ‘వెనకున్న చీకటి నిజం’ అంటూ థంబ్‌నెయిళ్లు పుడతాయి. ప్రముఖుల ఆత్మహత్యలను రంగులద్ది మళ్లీ మళ్లీ చూపితే, అప్పటికే కుంగిపోయిన మనుషులు ఆ దారి పడతారని ప్రపంచ ఆరోగ్య సంస్థ ఎప్పటి నుంచో చెబుతోంది. రాబిన్ విలియమ్స్ 2014లో పోయిన తర్వాతి అయిదు నెలల్లో అమెరికాలో ఆత్మహత్యలు మామూలు కంటే దాదాపు 10 శాతం పెరిగాయని పరిశోధకులు లెక్కగట్టారు. 1994లో గాయకుడు కర్ట్ కొబేన్ పోయినప్పుడు సియాటిల్ నగరంలో అట్లా పెరగలేదు. అక్కడి పత్రికలు పాటనూ చావునూ వేరుచేసి చెప్పాయి, సాయం దొరికే చోటు పదేపదే చెప్పాయి. మన ప్రెస్ కౌన్సిల్ కూడా 2019లో ఇవే నియమాలు పెట్టింది. అప్పుల కరువులో రైతుల్ని పోగొట్టుకున్న అనంతపురం జిల్లాలో ఇది పుస్తకాల్లో మాట కాదు. ఆ ఎర్ర పట్టీ మీద ‘అసలేం జరిగింది?’ బదులు మానసిక సాయం అందించే టెలి మానస్ నంబరు 14416 పరుగెత్తిస్తే ఛానల్ ఆస్తులేం కరిగిపోవు.

ఇక నాలుగోది, అసలైనది, హోటలాయన చెప్పినది. జనం చూస్తున్నారు.

ముందు ఒప్పుకోవాల్సింది ఒప్పుకుంటాను. చూస్తున్నారు. నేనూ చూశాను. ఆ పొద్దు బజ్జీ చల్లారేదాకా సౌందర్య మంటల్నే చూస్తూ కూర్చున్నాను. దారిలో బండి బోల్తాపడితే ఆగి చూడని మనిషి ఉండడు. ఆగి చూశాడు గదా అని రోజుకొక బండిని బోల్తా కొట్టించి, ఇది జనం కోరికే అంటే? చూపు తిరగడం వేరు, కోరుకోవడం వేరు. ఆ తేడా తెలియక కాదు, తెలిసే చెరిపేస్తున్నారు.

రెండోది, జనం ఏం చూస్తున్నారో వీళ్లకెట్లా తెలుసు? దేశంలో కొన్ని వేల ఇళ్లలో పెట్టిన మీటర్లు చెప్పే లెక్క అది. ఆ లెక్కల్లోనే గోల్‌మాల్ జరిగిందని గొడవయ్యాక 2020 అక్టోబర్‌లో వార్తా ఛానళ్ల రేటింగులు ఆపేశారు, 2022 మార్చిలో గానీ మళ్లీ ఇవ్వలేదు. దాదాపు పదిహేడు నెలలు. ఏ వార్తా ఛానల్‌ను ఎందరు చూశారో చెప్పే వారపు అంకె లేదు. మరి ఆ పదిహేడు నెలల్లో చావుల తిప్పుడు ఆగిందా? ఆగలేదు. అంకె లేనప్పుడు కూడా అదే వడ్డించారంటే వండినది జనం ఆకలిని చూసి కాదు, తమకు చేతనైన వంట అదొక్కటే కాబట్టి. పాత టేపు తిప్పడానికి విలేఖరిని ఊళ్లకు పంపక్కర్లేదు, బండికి డీజిలు పోయక్కర్లేదు, గట్టిగా ఎదురు చెప్పే మనిషితో పనిలేదు. పోయినవాళ్లంత చవకైన ముడిసరుకు ఇంకొకటి లేదు. భైరవానితిప్ప కాలువ మీద నిలబడి ఈ ఏడు నీళ్లెందుకు రాలేదని అడగాలంటే ఖర్చవుతుంది, అధికారంలో ఉన్నవాడికి కోపం వస్తుంది. సౌందర్య కోపం తెచ్చుకోదు.

మూడోది యూట్యూబ్ వాళ్ల వాదన. మాకు మీటర్లు లేవు, లక్షల వ్యూస్ ఉన్నాయి, అవి అబద్ధమా అంటారు. అబద్ధం కాదు. మా వేరుశనగ రైతును అడగండి. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన, అదీ నమ్మకం లేనిది. ఒక్క పదును దొరికితే విత్తనాల కోసం ఎగబడతాడు. ఆ ఎగబాటులో కల్తీ విత్తనం అమ్మినవాడు, ‘రైతులే క్యూ కట్టి కొన్నారు, వాళ్లకు కావాల్సిందే ఇచ్చాం’ అంటే ఏమంటాం? రైతు కొన్నది మొలక కోసం. ‘ఉదయ్ కిరణ్ గురించి ఎవరికీ తెలియని నిజం’ అన్న బొమ్మ నొక్కినవాడూ నిజం కోసమే నొక్కాడు. పన్నెండు నిమిషాలు చూశాక దొరికింది పొల్లు. మోసపోయినవాళ్ల తలల లెక్కను గిరాకీ లెక్కగా చూపించడం వ్యాపారంలో పాత విద్యే.

అయితే ఏం చేయమంటావు, పోయినవాళ్ల పేరే ఎత్తకూడదా అని అడగవచ్చు. ఎత్తాలి, ఇంకా ఎక్కువ ఎత్తాలి. నేను అడిగేది పెద్ద కోరికలేం కాదు. ఆనకట్ట నిండిన ఏడు తీసిన ఫొటోను తారీఖు లేకుండా చూపిస్తే మా రైతు నారు పోసి మునుగుతాడు, ఫొటోలో నీళ్లు మడికి పారవు. అట్లాగే పాత దృశ్యం మీద తారీఖు వేయండి. ఎక్కడివో మంటలు అతికించకండి. అబద్ధమని తేలితే అబద్ధానికి ఇచ్చినంత సేపు ఖండనకూ ఇవ్వండి. గొంతు, ముఖం పుట్టిస్తే అయినవాళ్లను అడగండి, చూసేవాళ్లకు చెప్పండి. వర్ధంతి నాడు వాళ్లు చేసిన పని చూపండి. ఇందులో ఏ ఒక్కదానికైనా కొత్త చట్టం కావాలా? పెద్దల అమావాస్య నాడు మా ఇళ్లలో ఉండే పాటి బుద్ధి చాలు.

అది సాధ్యమేనని మా సరిహద్దుకు అవతలే కనబడింది. 2021 అక్టోబర్ 29న కన్నడ నటుడు పునీత్ రాజ్‌కుమార్ పోయినప్పుడు గుమ్మఘట్టలోనూ దుకాణాల ముందు ఆయన ఫొటోకు దండలు పడ్డాయి. కన్నడ ఛానళ్లూ తక్కువేం తినలేదు. వ్యాయామం మీద భయం పుట్టించాయి, ఉన్న నొప్పీ లేని నొప్పీ పట్టుకుని జనం బెంగళూరు గుండె ఆసుపత్రికి పరుగెత్తారు. వైద్యం చేసిన డాక్టరు ఇంటికి పోలీసు కాపలా పెట్టాల్సి వచ్చింది. కానీ ఆ గోలలోనే ఇంకొక వార్త కూడా పదేపదే తిరిగింది. 2006లో తండ్రి రాజ్‌కుమార్ కళ్లు దానమిచ్చినట్టే పునీత్ కళ్లూ దానమిచ్చారని, పొరలు వేరుచేసి డాక్టర్లు నలుగురికి చూపు తెప్పించారని. ఆ వార్త తిరిగిన కొద్దీ కర్ణాటకలో కళ్లు ఇస్తామని పేర్లు రాయించుకునేవాళ్లు బారులు తీరారు. తిప్పడమే తప్పయితే ఇదీ తప్పే కావాలి. కాదు గదా. ఏం తిప్పుతున్నామన్నదే లెక్క.

చచ్చినవాడి కళ్లు చారెడు అని మన సామెత. పోయినవాణ్ని ఉన్నదానికంటే పెద్దజేసి చెప్పుకునే మన బలహీనతను వెక్కిరించడానికి పెద్దలు పుట్టించారు. ఆ అతిశయంలో అబద్ధమున్నా ఆపేక్ష ఉండేది. పోయినవాడికి లేని కళ్లు మనం తగిలించేవాళ్లం. ఇప్పుడు ఉన్న కళ్లు పీకి అమ్ముతున్నాం. పునీత్ విషయంలో మాత్రం సామెత నిజమైంది, ఇద్దరికి చాలాల్సిన కళ్లు నలుగురికి చాలాయి.

మొన్న అదే హోటల్లో అదే బెంచీ మీద అవ్వ మళ్లీ కనబడింది. టీవీలో ఎవరో పోయినవాళ్ల కథే నడుస్తోంది. ఈసారి అవ్వ ఏమీ అడగలేదు. హోటలాయన వైపు తిరిగి, “ఆ గోలొద్దు గానీ, పాట ఏదన్నా పెట్టప్పా” అంది. ఆయన ఒక్క క్షణం నా వైపు చూసి, నూనె చెయ్యి తుడుచుకుని, రిమోట్ వెతుక్కున్నాడు. జనం చూస్తారని చెప్పిన మనిషే, జనం ఏం అడిగిందో విన్నాడు.